వెలిగే పెటూనియా: రెండు వేసవులు పెంచాక

2024 మేలో చిన్న అట్టపెట్టెలో మా ఇంటికొచ్చింది ఫైర్‌ఫ్లై పెటూనియా, చీకట్లో వెలిగే పూలమొక్క. మొక్క 29 డాలర్లు, పంపే ఖర్చు వేరే. మేముండేది టెక్సస్‌లో, డాలస్ పక్కనున్న ఫ్రిస్కోలో. ఆ రాత్రే పిల్లలిద్దర్నీ కూర్చోబెట్టి వంటింట్లో లైట్లు ఆర్పేశాను. ఏమీ కనబడలేదు. రెండు నిమిషాలు చూసి, "అమ్మా, ఇది పని చెయ్యట్లేదు" అని చిన్నది లేచి వెళ్లిపోయింది. నాకూ ఉసూరుమనిపించింది.

రాత్రి రెండింటికి మంచినీళ్ల కోసం లేచాను. లైటు వెయ్యకుండా తడుముకుంటూ వెళ్తే, కిటికీ దగ్గర లేత ఆకుపచ్చ చుక్కలు. మొగ్గలు! ముడుచుకున్న మొగ్గలే అన్నిటికంటే బాగా వెలుగుతున్నాయి. విచ్చిన పూలు కాస్త తక్కువ, ముదురాకులు ఇంకా తక్కువ. గ్లాసు చేతిలో అలాగే ఉండిపోయింది.

కొనేవాళ్లు ముందు తెలుసుకోవాల్సింది ఇదే. వెలుతుర్లోంచి వచ్చిన కళ్లు చీకటికి అలవాటుపడాలంటే పది పదిహేను నిమిషాలు కావాలి. ఈ మధ్యలో ఒక్కసారి ఫోను చూశారా, మళ్లీ మొదటికి. ఫొటోల్లో కనిపించే ధగధగ కెమెరాను కదలకుండా పెట్టి, చాలా సెకన్లపాటు తీస్తే వచ్చేది. కంటికి మాత్రం పల్చటి వెన్నెలలా ఉంటుంది. దీని కింద పుస్తకం చదవడం కుదరదు.

రేడియం స్టిక్కర్లలా పగలు వెలుతురు తాగి రాత్రి వదిలే రకం కాదిది. నియోనోతోపానస్ నంబి అనే వెలిగే పుట్టగొడుగు జన్యువుల్ని ఇందులో పెట్టారు. మొక్కల్లో మామూలుగానే ఉండే కెఫిక్ ఆమ్లాన్ని ఆ జన్యువులు వెలుగునిచ్చే పదార్థంగా మారుస్తాయి, వెలుగు వచ్చాక మళ్లీ కెఫిక్ ఆమ్లం చేసేస్తాయి. అందుకే మందులూ పొడులూ ఏమీ వెయ్యక్కర్లేదు. మొక్క ఏపుగా ఉంటే వెలుగూ బాగుంటుంది, వాడిపోతే తగ్గుతుంది. అమెరికా వ్యవసాయ శాఖ 2023 సెప్టెంబరులో దీనికి అనుమతి ఇచ్చింది.

పెంపకం మామూలు పెటూనియాలాగే. రోజుకు ఆరు గంటల ఎండ, నీళ్లు నిలవని మట్టి. జూలై ఎండలకు కాడలు సాగిపోయి మొగ్గలు తగ్గాయి. సగానికి కత్తిరించి పూల ఎరువు వేస్తే మళ్లీ చిగురేసింది. మొదటి మొక్క మాత్రం ఆ చలికాలం పోయింది. మంచు కురుస్తుందని తెలిసి కూడా లోపల పెట్టడం మర్చిపోయాను. తెల్లారి చూస్తే ఉడికిన తోటకూరలా వాలిపోయి ఉంది. పెద్దమ్మాయి రెండ్రోజులు నాతో సరిగ్గా మాట్లాడలేదు. 2025 మార్చిలో ఇంకోటి తెప్పించాను.

అమ్మది ఒంగోలు దగ్గర కొండపి. అంతకుముందు వీడియోకాల్లో ఎన్నిసార్లు చూపించినా, "ఎక్కడుందే వెలుగు? నాకు నల్లగా తప్ప ఏం కనబడట్లా" అనేది. ఆ మేలో మా దగ్గరకొచ్చింది. ఇక్కడ వేసవిలో తొమ్మిది దాటితేగాని చీకటి పడదు. తొమ్మిదిన్నరకు పెరటి మెట్టు మీద నలుగురం కూర్చున్నాం. "అమ్మమ్మా, ఆగు, వస్తుంది" అని పిల్లలు చెబుతూనే ఉన్నారు. అమ్మ చేయి చాపి ఆకును వేళ్ల మధ్య నలిపింది. బొటనవేలు, చూపుడువేలు రెండుమూడుసార్లు అంటించి తీసి చూసుకుంది.

"పొగాకు జిగురే ఇది."

నాకు ఒళ్లు జలదరించింది. పెటూనియా, పొగాకు ఒకే కుటుంబం, వంకాయా టమాటాలూ అందులోవే. ఈ పుట్టగొడుగు జన్యువుల్ని 2020లో ముందు వెలిగించి చూపించింది పొగాకు మొక్కలోనే. 1986లో మిణుగురు జన్యువుతో వెలిగించిందీ పొగాకునే, కాకపోతే అప్పట్లో వెలుగుకు కావాల్సిన రసాయనాన్ని నీళ్లతో పాటు పోయాల్సొచ్చేది. అవేవీ అమ్మకు తెలియవు. పొగాకు తలలు తుంచి, పిలకలు తీసి నల్లబడిన వేళ్లకు తెలుసు.

అప్పుడు మొదలుపెట్టింది. తాతయ్య పొగాకును వేడితో ఆరబెట్టే బ్యారన్ దగ్గర రాత్రంతా మేలుకుని వేడి చూసుకునేవాడని, అన్నం క్యారేజీ పట్టుకుని చీకట్లో చేల గట్టు మీద తను వెళ్లేదని, తుమ్మచెట్ల నిండా మిణుగురులుండేవని. నేనెప్పుడూ వినని మాటలు. మధ్యలో మొగ్గలు ఒక్కోటీ తేలాయి. అరగంటే అనుకున్నాను, లోపలికెళ్లి చూస్తే పదకొండు కావస్తోంది. పిల్లలు ఒక్కసారి కూడా టీవీ అడగలేదు. కాలం ఆగిందనాలో పరుగెత్తిందనాలో తెలియదుగానీ, ఏ మొక్కా మా ఇంట్లో ఇలాంటి రాత్రినివ్వలేదు. 29 డాలర్లకు విలువ ఉందా అని ఎవరడిగినా నేను ముందు చెప్పేది ఆ రాత్రి సంగతే.

ఆగస్టులో అమ్మ వెళ్లిపోయింది. ఒక మొక్క పట్టుకెళ్తానంది కానీ జన్యుమార్పిడి మొక్కల్ని అనుమతి లేకుండా ఇండియాకు తీసుకెళ్లకూడదు. సెప్టెంబరు నుంచి మాకు రాత్రి తొమ్మిదికి ఫోన్ చేస్తోంది, అక్కడ పొద్దున ఏడున్నర. వీడియో పెట్టం, ఆ వెలుతురుకు మొగ్గలు కనబడవు. స్పీకర్ పెట్టి ఫోన్ను మెట్టు మీద బోర్లిస్తాం. "ఎన్ని తేలాయే ఇవాళ?" అంటుంది అమ్మ. చిన్నది చీకట్లో వేలు పెట్టి లెక్కపెడుతుంది.