ఒక మిల్లీమీటరు గాడి బోర్డు: సముద్రపు గాలిలో చాలాకాలం వాడాక

సన్న చిమ్మటలను రెక్కలు పరిచి ఆరబెట్టే ఈ సెట్టింగ్ బోర్డు విలువంతా దాని గాడిలోనే ఉంది. పైన రెండు బాల్సా చెక్క బద్దలు, వాటి మధ్య ఒక మిల్లీమీటరు సందు, అడుగున పది మిల్లీమీటర్ల మందం పాలిథిలీన్ ఫోమ్. 0.15 మిల్లీమీటర్ల మినూటెన్ పిన్నును, అంటే తల లేని అతి సన్న పిన్నును, ఫోర్‌సెప్స్‌తో పట్టుకుని దించితే వదిలినచోటే నిటారుగా నిలబడుతుంది. అడుగున కార్క్ ఉన్న బోర్డుల్లో అదే పిన్ను దిగీ దిగకముందే వంగిపోతుంది. సరిచేయబోతే పిన్ను మీది పురుగు గిర్రున తిరిగి, ఒకవైపు పొలుసులన్నీ చెక్కకు అంటుకుంటాయి. రెక్కలు చాపితే అయిదు మిల్లీమీటర్లు కూడా దాటని చిమ్మటతో రెండో ప్రయత్నానికి చోటుండదు. కాబట్టి ఈ ఫోమ్ విషయంలో నా మెప్పు మొదటి రోజు ఎంతో ఇప్పుడూ అంతే.

పైనున్న బద్దల సంగతి వేరు. నెల్లూరులో కొన్ని వానాకాలాలు గడిచాక వాటి మీద ఉన్న నమ్మకం చాలా తగ్గింది. పూర్తిగా పోలేదు, ఎందుకో కింద చెబుతాను.

సెట్‌లో మూడు బోర్డులు వస్తాయి: 1, 1.5, 2 మిల్లీమీటర్ల గాళ్లతో. గాడి పురుగు వక్షం కంటే వెంట్రుకవాసి ఎక్కువ ఉంటే చాలు. గూడూరు, పొదలకూరు నిమ్మతోటల్లో లేత ఇగురు వచ్చినప్పుడల్లా ఆకుల్లో వెండిరంగు మెలికలు గీసే ఆకు తొలుచు పురుగు, ఫిల్లోక్నిస్టిస్ సిట్రెల్లా, 1 మిల్లీమీటరుకు సరిగ్గా సరిపోతుంది. వేరుశనగ ఆకుముడత, టమాటా ఆకునూ కాయనూ తొలిచే ఫ్తోరిమియా అబ్సొల్యూటా, ఒంగోలు వైపు పొగాకు ఆకులో పొక్కులు లేపే ఫ్తోరిమియా ఆపర్‌క్యులెల్లా, ఇవన్నీ 1.5 మీదికి. వడ్ల చిలక, క్యాబేజీ మీది డైమండ్ బ్యాక్ మాత్ 2 మీదికి. వరి ఆకుముడత రెక్కల పురుగుకు ఈ మూడూ చాలవు, దానికి వేరే బోర్డు చూసుకోవాలి.

జాతిని గుర్తుపట్టడానికి జననాంగాల స్లైడు చేసుకునే కాలంలో, డీఎన్ఏ చూసే కాలంలో రెక్కలు ఇంత పొందిగ్గా పరచడం ఎందుకని అడిగేవాళ్లు ఉన్నారు. పైన చెప్పిన టమాటా, పొగాకు పురుగులు చేరిన జెలికిడే కుటుంబానికి వెనక రెక్క ఆకారమే మొదటి గుర్తు: కొస వేలులా ముందుకు పొడుచుకొచ్చి, దాని కింద అంచు లోపలికి నొక్కుకుని ఉంటుంది. వెనక రెక్క ముందు రెక్క కింద ఇరుక్కుని ఎండిపోతే అది కనబడదు. బ్రిటిష్ కీటక శాస్త్రవేత్త ఎడ్వర్డ్ మెయ్‌రిక్ రెక్కల ఈనెలు చూసి వేల జాతులకు పేర్లు పెట్టాడు. పైన చెప్పిన టమాటా పురుగుకు పెరూ నమూనాల మీద 1917లో పేరు పెట్టిందీ ఆయనే. అది మన దేశంలో 2014లో బయటపడింది. పొలం గట్టు మీద దీపానికి వచ్చే బూడిదరంగు జెలికిడ్‌లలో దాన్ని విడదీయాలంటే చివరికి స్లైడు చేయాల్సిందే. కానీ స్లైడు చేయాలన్నా పొత్తికడుపు చెక్కుచెదరకుండా ఉండాలి కదా. రెక్క అయినా, పొత్తికడుపు అయినా దక్కేది గాడి మంచిగా ఉంటేనే.

ఇక అసలు తంటా. మన దగ్గర పెద్ద వానలు అక్టోబరు నుంచి డిసెంబరు దాకా. ఇగుర్లు, ఆకుల్లో సొరంగాలు, దీపం చుట్టూ సన్న చిమ్మటలు ఎక్కువయ్యేదీ వానలు పడ్డాకే. బోర్డు మొరాయించేది కూడా సరిగ్గా అప్పుడే. చెక్క నార పొడవునా దాదాపు మారదు, నారకు అడ్డంగా మాత్రం తేమకు ఉబ్బుతుంది. ఇందులో నార బోర్డు పొడవునా ఉంది, బద్ద వెడల్పు పదిహేను మిల్లీమీటర్లు. అందులో నూటికి రెండు వంతులు ఉబ్బిందనుకుంటే 0.3 మిల్లీమీటర్లు. సగం బయటికి పోతుంది, సగం గాడిలోకి వస్తుంది. అవతలి బద్ద కూడా అంతే తెస్తుంది. ఒక మిల్లీమీటరు గాడికి మిగిలేది 0.7. ఇదే ఉబ్బు 2 మిల్లీమీటర్ల గాడిలో వస్తే 1.7 ఉంటుంది, ఎవరికీ తెలియదు. అందుకే ఈ బోర్డును మెచ్చుకునేవాళ్లలో చాలామంది పెద్ద గాడి వాడేవాళ్లే.

నష్టం పురుగును గుచ్చేటప్పుడు కనబడదు. ఎండ కాసిన రోజు గాడి బాగానే ఉంటుంది. వక్షం హాయిగా దిగుతుంది, రెక్కలు బల్లపరుపుగా పరుచుకుంటాయి. ఆ రాత్రి ముసురు పడుతుంది. తెల్లారేసరికి గాడి రెండు పక్కల నుంచీ మూసుకుంటూ వచ్చి, ఇంకా ఆరని ఒంటిని నొక్కుతుంది. పురుగు అలాగే ఎండుతుంది. వారం తర్వాత పిన్నును లేపితే కాళ్లు గాడిలో ఉండిపోతాయి, వక్షం పక్కల పొలుసులు చెక్కకు అంటుకుంటాయి, కొన్నిసార్లు పొత్తికడుపు మొదలంటా విరిగి ఫోమ్ మీద పడుతుంది. దాన్ని వెంటనే జెలటిన్ క్యాప్సూల్‌లో వేసి అదే పిన్నుకు గుచ్చితే స్లైడుకు పనికొస్తుంది. ఏ పురుగుదో తెలియకుండా రెండు పొత్తికడుపులు గాడిలో కనబడితే రెండు నమూనాలూ పోయినట్టే.

అమ్మినవాళ్లకు ఇదంతా చెబితే మర్యాదగానే ఇంకో బోర్డు పంపారు. అదీ అదే బాల్సా, అదే వెడల్పు. తేమ గురించి పెట్టె మీద ఒక్క మాట లేదు. ఇంత సన్న గాడి అమ్ముతూ దాన్ని సర్దుకునే వీలు ఇవ్వకపోవడం మీదే నాకు కోపం.

చాలామంది ముందుగా చేసేది ఉప్పు కాగితంతో గాడి గీయడం. స్టీలు స్కేలుకు సన్న ఉప్పు కాగితం చుట్టి లాగితే నిమిషంలో వెడల్పవుతుంది. కానీ రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయంటారు, బాల్సా సంగతి చెప్పాలా? పడమటి గాలి మొదలయ్యాక చెక్క కుంచించుకుపోయి అదే గాడి 1.3, 1.4 దాకా తెరుచుకుంటుంది. అప్పుడు ఫిల్లోక్నిస్టిస్ వక్షం గాడిలో జారి, రెక్కల మొదలు బద్దల అంచు కిందికి పోతాయి. రెక్కలు పైకి లేచి ఎండుతాయి. లక్క పాలిష్ పూస్తే కొంత ఆగుతుంది గానీ, రెక్కలను అదిమి ఉంచే కాగితం పట్టీలకు గుచ్చే ప్రతి పిన్నూ ఆ పూతకు చిల్లు పెడుతుంది. ఒక కాలం గడిచేసరికి పూత ఉన్నా లేనట్టే.

నిలిచిన మార్గం ఒకటే, అదీ బోర్డు నిర్మాణంలోనే దొరికింది. బద్దలను జిగురుతో అతికించలేదు, రెండు చివర్లా చిన్న స్క్రూలతో బిగించారు. ఆ స్క్రూ రంధ్రాలను సన్న గుండ్రటి ఆకురాయితో అడ్డంగా ఒక మిల్లీమీటరు సాగదీయాలి. స్క్రూ తల కింద ఒక వాషరు వేయాలి. తర్వాత రెండు 1 మిల్లీమీటరు డ్రిల్ బిట్లు తీసుకుని, వాటి నున్నటి భాగం గాడిలో ఉండేలా ఒకటి ఈ చివర, ఒకటి ఆ చివర పెట్టి, బద్దలను వేళ్లతో వాటికి ఆనించి స్క్రూలు బిగించాలి. వాషరు కదలకుండా ఉంటే చాలు, అంతకుమించి తిప్పితే బాల్సా నలుగుతుంది. బిట్లు తీసేసి, ఒకదాన్ని గాడి పొడవునా జరిపి చూడాలి. మధ్యలో పట్టేస్తే బద్ద వంగిందని అర్థం. ముప్ఫై సెంటీమీటర్ల బోర్డులో ఇది తరచూ వస్తుంది, దాన్ని మధ్యకు కోసి రెండు చిన్న బోర్డులు చేసుకోవడం మంచిది. పదిహేను సెంటీమీటర్ల దాంట్లో ఇంతవరకూ రాలేదు.

ఈ సర్దుబాటుకు పది నిమిషాలు కూడా పట్టదు. కానీ ఒక్కటి గుర్తుంచుకోవాలి: గాడి సర్దాక గాలి మారకూడదు. కాబట్టి ఖాళీ బోర్డును పనికి రెండు రోజుల ముందే తేమ పీల్చే సిలికా జెల్ ఉన్న మూత డబ్బాలో పెట్టాలి. ఆ పొడి గాలికి చెక్క అలవాటు పడ్డాక గాడి సర్ది, పురుగులు గుచ్చి, వెంటనే మళ్లీ అదే డబ్బాలో పెట్టాలి. బోర్డు బయట ఉండే సమయం ఎంత తగ్గితే అంత మేలు. అందుకే పురుగులను ముందే సిద్ధం చేసుకోవాలి. విడివిడిగా గాజు గొట్టాల్లో ఉన్నవాటిని అమోనియా ఆవిరితో చంపితే ఒళ్లు మెత్తగా ఉండి రెక్కలు చెప్పినట్టు వింటాయి. ఇథైల్ అసిటేట్‌తో బిగుసుకుంటాయి. ఆకుపచ్చ రంగున్న జాతులకు మాత్రం అమోనియా వద్దు, రంగు పోతుంది. ఆకుల నుంచి పెంచి తీసిన వాటిని బయటికొచ్చిన రోజే పట్టుకోకుండా ఒక రోజు ఆగాలి, లేకపోతే రెక్కలు గట్టిపడవు.

రెక్కల మీద వేసే పట్టీల దగ్గర కూడా కాలాన్ని బట్టి నడవాలి. ట్రేసింగ్ పేపర్ ముసురులో అలలు తేలుతుంది, ఆ అల కింద రెక్కల అంచున ఉండే కుచ్చు వెంట్రుకలు లేచిపోతాయి. అప్పుడు సన్నటి పాలిస్టర్ షీటు పట్టీలు మేలు, తేమకు చలించవు. మే నెలలో అదే పాలిస్టర్ శత్రువవుతుంది. పొడి గాలికి దానికి స్థిరవిద్యుత్తు పట్టి, పట్టీ తీసేటప్పుడు కుచ్చు మొత్తం దానితో వచ్చేస్తుంది. ఎండాకాలం కాగితం, వానాకాలం పాలిస్టర్ అని పెట్టుకుంటే గొడవ ఉండదు. పట్టీని రెక్కల మీదికి పక్కల నుంచి లాగకూడదు, పైనుంచి నిలువుగా దించాలి.

ఆరడానికి ఎండాకాలంలో వారం చాలు. ముసురు రోజుల్లో సిలికా జెల్ డబ్బాలో కూడా రెండు మూడు వారాలు వదిలేయడమే నయం. ఆరిందో లేదో రెక్కను చూసి తెలుసుకోలేం. పొత్తికడుపు కొసను సన్న పిన్నుతో ముట్టుకోవాలి. అది ఒక్కటే కదిలితే ఇంకా పచ్చిగా ఉన్నట్టు, పురుగు మొత్తం పిన్నుతో సహా కదిలితే ఆరినట్టు. తొందరపడి తీస్తే రెక్కలు నాలుగు రోజుల్లో పైకి లేస్తాయి. జెల్ రంగు మారగానే ఇనుప పెనం మీద సన్న సెగకు వేడి చేసి మళ్లీ వాడుకోవచ్చు. డబ్బా లేకుండా గదిలో ఆరబెడితే బూజు, పొలుసులు కొరికే పుస్తకాల పేలు, అన్నిటికంటే ముందు చీమలు వస్తాయి. నాఫ్తలీన్ ఉండల జోలికి పోతే థర్మోకోల్ ఉన్న డబ్బాలో పెట్టకండి, థర్మోకోల్ కరిగి గుంటలు పడుతుంది. ఈ బోర్డులోని పాలిథిలీన్ ఫోమ్‌కు ఆ భయం లేదు.

ఫోమ్ కూడా ఎప్పటికీ ఉండదు. ఒకేచోట పదేపదే గుచ్చితే పట్టు వదులుతుంది. గాడి పొడవునా చోటు మారుస్తూ పోవాలి, చివరికి ఫోమ్ పట్టీనే మార్చాలి. టీవీ, ఫ్రిజ్ ప్యాకింగ్‌లో వచ్చే తెల్ల ఫోమ్ దీనికి పనికిరాదు. దాని గుల్లలు పెద్దవి, మినూటెన్ ఒక గుల్లలోకి పోయి పక్కకు ఒరుగుతుంది. సన్నటి గుల్లలున్న, ఘనపు మీటరుకు 45 కిలోల సాంద్రత ఉన్నది అడిగి తెచ్చుకోవాలి. పిన్నుల్లో స్టెయిన్‌లెస్ స్టీలు తప్ప వేరేవి తీరప్రాంతంలో వద్దు, నల్ల పూత పిన్నులు కొనల దగ్గర నుంచి తుప్పు పడతాయి.

బాల్సా మీద నమ్మకం పూర్తిగా పోలేదన్నాను. కారణం దాని నునుపు. ఫోమ్ బద్దలున్న బోర్డులు తేమకు మారవు, నిజమే. కానీ ఫోమ్ గుల్లల అంచులకు కుచ్చు వెంట్రుకలు తగులుకుంటాయి, నెప్టిక్యులిడే కుటుంబపు చిమ్మటల్లాంటి మరీ చిన్నవాటిలో అది స్పష్టంగా కనబడుతుంది. బాగా సర్దిన బాల్సా గాడి మీద ఎండిన నమూనాలో కుచ్చు చివరి వెంట్రుక దాకా పరుచుకుని ఉంటుంది.

కొనాలా అంటే, ఉండే ఊరును బట్టి చెప్పాలి. ఉదయగిరి, కనిగిరి వైపు గాలి పొడిగా ఉంటుంది, అక్కడ బోర్డును వచ్చింది వచ్చినట్టే వాడుకోవచ్చనుకుంటాను. ఏసీ గదిలో పని చేసేవాళ్లకు కూడా ఇంత గొడవ ఉండకపోవచ్చు. నెల్లూరు, కావలి, సింగరాయకొండ లాంటిచోట అయితే ఆకురాయి, డ్రిల్ బిట్లు, సిలికా జెల్ ఖర్చు కూడా బోర్డు ధరలో కలుపుకుని లెక్క వేసుకోండి. నా పని ఎక్కువగా ఆకు తొలిచే జాతుల మీద కాబట్టి 1 మిల్లీమీటరు బోర్డు లేకుండా నాకు గడవదు. దీపం దగ్గర గుడ్డ కట్టి వచ్చినవన్నీ పట్టేవాళ్లకు 1.5 ముందు కొనడం మేలు. దాంట్లో ఉబ్బు నష్టం తక్కువ, ఎక్కువ జాతులు పడతాయి. 2 మిల్లీమీటర్ల బోర్డుకు ఇంత డబ్బు పెట్టనక్కర్లేదు, మన వడ్రంగి చేసిచ్చినదే చాలు. అడుగున ఫోమ్ మాత్రం పైన చెప్పినదే వేయించండి.