సైటు హద్దు తగాదా: ఇంజంక్షన్ దావా మేలా, డిక్లరేషన్‌తో స్వాధీనం దావా మేలా?

బెంగళూరులో మారతహళ్లి, వర్తూరు, కె.ఆర్. పురం వైపు సైట్లు కొనుక్కున్న తెలుగువారు పదే పదే అడిగే ప్రశ్న ఇది: పక్క సైటాయన గోడ ఒక అడుగు మా వైపు జరిపి కట్టాడు, పని ఆపమని ఇంజంక్షన్ దావా వేసి స్టే తెచ్చుకుంటే సరిపోతుందా, లేక హక్కు మాదేనని తేల్చి (అదే డిక్లరేషన్) స్థలం తిరిగి ఇప్పించమని పూర్తి దావా వేయాలా? 30x40 సైటులో 40 అడుగుల పొడవునా ఒక్క అడుగు పోతే 40 చదరపు అడుగులు పోయినట్టే. చదరపు అడుగు రూ.8,000 అనుకున్నా అది రూ.3,20,000 మాట. ఊరుకోవడానికి మనసొప్పదు, ఏళ్ల తరబడి కోర్టు చుట్టూ తిరగడానికి ఓపికా ఉండదు.

ఇంజంక్షన్ దావాలో అందరికీ నచ్చేవి ఖర్చు, వేగం. హక్కు మీద వివాదం లేనప్పుడు కర్ణాటకలో దానికి కోర్టు ఫీజు నామమాత్రమే. డిక్లరేషన్‌తో స్వాధీనం అడిగితే మార్కెట్ విలువను బట్టి కట్టాలి. దావాతోపాటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డరు కింద మధ్యంతర ఉత్తర్వు కోరవచ్చు. అవతలివారిని వినకుండా ఇచ్చిన ఉత్తర్వయితే, ఆ దరఖాస్తును 30 రోజుల్లో తేల్చడానికి కోర్టు ప్రయత్నించాలని నిబంధన ఉంది (ఆచరణలో ఆ 30 రోజులు ఎంత సాగుతాయో కోర్టు మెట్లెక్కినవారికి వేరే చెప్పనక్కరలేదు). పక్కాయన పునాదికి సున్నం గీతలు గీసి, ఇంకా తవ్వకం మొదలుపెట్టని దశలో ఉంటే ఈ దావాను మించినది లేదు. అప్పటికి ఆ ముక్క ఇంకా మీ స్వాధీనంలోనే ఉంటుంది, మీరు అడుగుతున్నదీ దాన్ని కాపాడమనే.

గోడ లేచిన తర్వాత పరిస్థితి మారిపోతుంది. మీ చేతిలో లేని స్థలానికి ఉత్త ఇంజంక్షన్ అడిగితే, స్వాధీనం ఎందుకు అడగలేదన్న ప్రశ్న మొదటి వాయిదాలోనే వస్తుంది. పైగా హద్దు తగాదాలో అవతలి మనిషి దారినపోయే దానయ్య కాడు, ఆయన దగ్గరా రిజిస్టరైన సేల్ డీడ్ ఉంటుంది. ఆ ముక్క తన డీడ్ షెడ్యూలులోదేనని (ఆస్తి కొలతలు, హద్దులు రాసే భాగం) ఆయన జవాబు దావాలో రాశాడంటే మీ హక్కు మీద నిజమైన సందేహం లేచినట్టే. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన అనాతుల సుధాకర్ కేసులో 2008లో సుప్రీం కోర్టు తేల్చింది ఈ సంగతే: హక్కు మీద నీడ పడి, స్వాధీనం కూడా చేజారినప్పుడు డిక్లరేషన్, స్వాధీనం, వాటితోపాటు ఇంజంక్షన్ కోరాలి, హక్కుకు సంబంధించిన చిక్కు ప్రశ్నలను ఉత్త ఇంజంక్షన్ దావాలో తేల్చరు. దావాను తర్వాత సవరించుకోవచ్చు కదా అంటారు. విచారణ మొదలయ్యాక సవరణ కావాలంటే, తగిన శ్రద్ధ చూపినా ఆ సంగతి ముందే లేవనెత్తలేకపోయామని కోర్టును ఒప్పించాలి. మొదటి నుంచీ కళ్లెదుటే ఉన్న గోడ గురించి ఆ మాట చెప్పడం కష్టం.

అయినా నేను పూర్తి దావా వైపు మొగ్గడానికి అసలు కారణం ఇవేవీ కావు, కొలత. హద్దు తగాదా చివరికి తేలేది సాక్షుల మాటల మీద కాదు, నేల మీద పరిచిన టేపు మీద. సివిల్ ప్రొసీజర్ కోడ్ 26వ ఆర్డరు 9వ నిబంధన కింద కోర్టు తన తరఫున ఒక కమిషనర్‌ను నియమించి, పంపి స్థలం కొలిపించవచ్చు. హద్దులు గుర్తించాల్సిన వివాదాల్లో ఆ పని చేయాల్సిందేనన్న ధోరణిలో హర్యానా వక్ఫ్ బోర్డు కేసులో, అదీ 2008లోనే, సుప్రీం కోర్టు చెప్పింది. కానీ ఉత్త ఇంజంక్షన్ దావాలో కమిషనర్‌ను అడిగితే, స్వాధీనం ఎవరిదో రుజువు చేసుకోవలసింది మీరే, అందుకు సాక్ష్యం పోగుచేసిపెట్టడం కమిషనర్ పని కాదంటూ దరఖాస్తు కొట్టేయడం మామూలు. ఎ షెడ్యూలులో మొత్తం సైటు, బి షెడ్యూలులో ఆక్రమించిన ముక్క చూపించి హక్కు, స్వాధీనం అడిగిన దావాలో, ఆ ముక్క ఎవరి కొలతలో పడుతుందన్నదే వివాదాంశం కనుక ఆ అభ్యంతరం అంత సులువుగా నిలవదు.

టేపు ఎక్కడ మొదలుపెట్టాలన్నది కమిషనర్‌కిచ్చే మెమోలోనే రాసివ్వాలి. రెవెన్యూ లేఔట్లలో (అనుమతులు లేకుండా వ్యవసాయ భూమిని సైట్లుగా విడగొట్టినవి) ఒక వరుస మొత్తం అర అడుగు జరిగి ఉండటం అరుదేమీ కాదు. అలాంటి చోట మీ రెండు సైట్లే కొలిస్తే, మీ 30 అడుగులు తగ్గినట్టు కనిపించినా తగ్గించినది పక్కాయనేనని తేలదు. వరుస చివరి రోడ్డు అంచు నుంచో, చెదరని మూలరాయి నుంచో అన్ని సైట్లూ కొలవమని అడగాలి. హద్దుబస్తుకు (సర్వే శాఖ చేత హద్దులు కొలిపించుకోవడానికి) దరఖాస్తు చేసి ముందే సర్వే చేయించుకున్నాం కదా అనేవారుంటారు. సర్వే శాఖ రికార్డుల్లో ఉండేది సర్వే నంబరు వెలుపలి గీత. ప్రైవేటు లేఔట్‌లో మీకూ పక్కాయనకూ మధ్యనున్న గీత అందులో సాధారణంగా ఉండదు. డీడ్‌లో రాసిన హద్దులకూ విస్తీర్ణానికీ పొంతన లేకపోతే మామూలుగా హద్దులకే ప్రాధాన్యం. ఖాతా (ఆస్తిపన్ను రికార్డు) మీ పేర ఉందన్నది పన్నుకు సంబంధించిన మాట, అది హక్కు పత్రం కాదు.

కాబట్టి గోడ లేవకముందయితే ఆలస్యం చేయకుండా ఇంజంక్షన్, లేచాక మొదటి రోజు నుంచే పూర్తి దావా, అందులోనే గోడ తొలగించాలన్న ఆజ్ఞ కూడా కోరడం నా సలహా. స్వాధీనానికి 12 ఏళ్ల గడువుంది కదా అని కాలయాపన చేయవద్దు. కట్టడం పూర్తయ్యేదాకా చూస్తూ కూర్చున్నవారికి కూల్చివేత బదులు పరిహారంతో సరిపెట్టే అవకాశం ఉంటుంది.

మిగతా దారులు క్లుప్తంగా. స్థలం చేజారి ఆరు నెలలు దాటకపోతే స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ కింద హక్కు చర్చ లేకుండానే స్వాధీనం అడగవచ్చు, ఆ తీర్పు మీద అప్పీలు లేదు. పోలీసులు సివిల్ వివాదమని పంపేస్తారు. కార్పొరేషన్ సెట్‌బ్యాక్ ఉల్లంఘన చూస్తుంది గాని మీ అడుగు తిరిగి ఇప్పించదు. 2011 నాటి కర్ణాటక భూకబ్జా చట్టం ప్రభుత్వ, సంస్థల భూముల కోసం, ఇరుగుపొరుగు తగాదాల కోసం కాదు. దావా నడుస్తుండగా మీడియేషన్‌కో లోక్ అదాలత్‌కో వెళ్లడం మంచిదే. లోక్ అదాలత్‌లో తేలితే కోర్టు ఫీజు కూడా తిరిగొస్తుంది. రాజీలో ఈ అడుగుకు బదులు వెనకవైపు ముక్క తీసుకుంటున్నట్టయితే, ఆ ముక్క దావా షెడ్యూలులో లేనప్పుడు రాజీ డిక్రీని రిజిస్టరు చేయించాలి, కొలతలు రాసిన స్కెచ్ మీద ఇద్దరి సంతకాలూ పెట్టించి దానికి జతచేయాలి.