పొద్దున భీమిలి రోడ్డు, మధ్యాహ్నం సబ్‌మెరైన్: విశాఖ టూరు వరస మార్చుకుంటే

విశాఖ సిటీ టూరు బస్సులు చాలావరకు ఒకే వరసలో తిరుగుతాయి. పొద్దున్నే సింహాచలం, తర్వాత కైలాసగిరి, రుషికొండ, పొద్దు వాలాక ఆర్కే బీచ్. అక్కడ మ్యూజియంగా మార్చిన ఐఎన్‌ఎస్ కురుసుర సబ్‌మెరైన్‌కీ, రోడ్డుకు అవతల అలాగే మ్యూజియం చేసిన టీయూ-142 విమానానికీ, ఇసుకలో కూర్చుని తినే ముంత కింద పప్పుకీ అన్నిటికీ కలిపి గంటో గంటన్నరో ఇస్తారు. ఊరు మొత్తం మీద గైడు మాట నిజంగా అక్కరకొచ్చే చోట్లు ఆ రెండు మ్యూజియాలే. తీరా అక్కడికి చేరేసరికి బస్సులో అందరి ఓపికా అయిపోతుంది, బయట క్యూ కొండవీటి చాంతాడంత అవుతుంది.

అందుకే టూరు మాట్లాడుకునేటప్పుడు ధర కన్నా ముందు ఈ సంగతి అడగండి: సబ్‌మెరైన్ దగ్గరికి ఎన్నింటికి చేరుస్తారు? మంగళవారం నుంచి శనివారం దాకా అది మధ్యాహ్నం 2 గంటలకు తెరిచి రాత్రి 8.30కి మూస్తారు. ఆదివారం పొద్దున 10 నుంచి 12.30 దాకా కూడా ఉంటుంది. సోమవారం సెలవు. ఈ సోమవారం సంగతి చూసుకోకుండా శని, ఆది అరకు వెళ్లొచ్చి సోమవారాన్ని ఊరికి ఉంచుకునేవాళ్లు చాలామంది గేటు బయట ఫొటో దిగి వెళ్లిపోతుంటారు. పండగ రోజుల్లో వేళలు మారుతుంటాయి కాబట్టి ముందురోజు ఒకసారి కనుక్కోవడం మంచిది. ‘ఆరు తర్వాత చేరుస్తాం’ అని టూరువాళ్లు చెబితే ఆ టూరు తీరం చూడటానికి పనికొస్తుంది, మ్యూజియాలకు పనికిరాదు. 2 గంటలకు కౌంటర్ దగ్గర ఉంటే లోపల నిలబడి చూడొచ్చు. ఏడింటికి వెళ్తే వెనకవాళ్లు తోస్తుంటే నడవాల్సిందే.

ఐఎన్‌ఎస్ కురుసుర సోవియట్ యూనియన్‌లో తయారైన ఫాక్స్‌ట్రాట్ తరగతి జలాంతర్గామి. 1969 డిసెంబరు 18న నౌకాదళంలో చేరింది, 2001 ఫిబ్రవరి 27న విరమించింది. 1971 యుద్ధం ముందు రోజుల్లో అరేబియా సముద్రంలో గస్తీ తిరిగింది. 2002 ఆగస్టులో మ్యూజియంగా తెరిచారు. పొడవు 91.3 మీటర్లు, వెడల్పు 7.5 మీటర్లు. బయటి నుంచి చూస్తే ఇంత పెద్దదా అనిపిస్తుంది. లోపల అడుగు పెట్టాక 75 మంది ఎలా పట్టారో అర్థం కాదు. 8 మంది అధికారులు, 67 మంది నావికులు.

లోపల మొత్తం ఏడు గదులు. మొదటిది ముందు టార్పెడోల గది, అంటే నీళ్లలో దూసుకుపోయి ఓడలను పేల్చే ఆయుధాలది, వాటిని వదలడానికి ఆరు గొట్టాలు. రెండోదాంట్లో అధికారుల పడకలు, నేల కింద బ్యాటరీలు. మూడోది కంట్రోల్ రూమ్, నీటి కింద నుంచే పైకి చూసే పెరిస్కోపులు ఇక్కడే. నాలుగోది నావికులది, దాని కింద కూడా బ్యాటరీలే. అయిదులో మూడు డీజిల్ ఇంజిన్లు, ఆరులో మూడు ఎలక్ట్రిక్ మోటార్లు, ఏడులో మరో నాలుగు టార్పెడో గొట్టాలు, ఇంకొన్ని పడకలు. మొత్తం 22 టార్పెడోలు మోసుకుపోయేది. గదికీ గదికీ మధ్య గుండ్రటి ఇనుప తలుపు. ఒక గదిలోకి నీళ్లొస్తే ఆ తలుపు బిగించి మిగతావాటిని కాపాడుకోవాలి, అందుకే అంత చిన్నది, అంత బరువైనది. ముందు ఒక కాలు, తర్వాత తల, ఆ తర్వాత రెండో కాలు. తల ముందు పెట్టినవాళ్లకు పైన బొప్పి కడుతుంది. చీర కట్టుకున్నవాళ్లు కుచ్చిళ్లు కొంచెం ఎత్తి పట్టుకోవాలి. వీపు బ్యాగు బయటే వదిలేస్తే మేలు, తలుపు దగ్గర తప్పకుండా ఇరుక్కుంటుంది. మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లకు, ఇరుకు చోట ఊపిరాడనట్టు ఉండేవాళ్లకు నిజం చెప్పి బయట కూర్చోబెట్టడమే న్యాయం. సగం దాకా వెళ్లాక వెనక్కి రావడం కష్టం, అందరూ ఒకే దిక్కుకు నడుస్తుంటారు. చక్రాల కుర్చీకి దారే లేదు.

ఇక్కడ వివరించేవాళ్లలో విశ్రాంత నావికులు ఉంటారు. ఈ మ్యూజియానికి అసలు విలువ వాళ్లే. కాకపోతే ఒక చిక్కుంది. గది ఇరుకు కాబట్టి గైడు ఉన్న గదిలోవాళ్లకే మాట వినిపిస్తుంది, వెనక గదిలో చిక్కుకున్నవాళ్లకు గొణుగుడే. గుంపులో మొదటి పదిమందిలో నిలబడండి. అక్కడున్న బొమ్మ నావికులతో సెల్ఫీలకు ఆగితే ఆ చోటు పోతుంది.

గైడును అడగాల్సిన ప్రశ్న ఒకటుంది: నీటి అడుగున ఎంతసేపు ఉండగలదు? జవాబు ఒక్క అంకెలో రాదు. అడుగున డీజిల్ ఇంజిన్లు తిరగవు, వాటికి గాలి కావాలి. మోటార్లు బ్యాటరీ మీదే నడవాలి. నెమ్మదిగా పోతే ఆ ఛార్జి రోజుల తరబడి వస్తుంది, పరుగు పెడితే గంటల్లో అయిపోతుంది. అప్పుడు పైకి రావాలి, లేదా పెరిస్కోపు లోతుకు వచ్చి స్నార్కెల్ గొట్టం ఒక్కటే నీటిపైకి చాచి, డీజిల్ వేసి ఛార్జి చేసుకోవాలి. ఆ సమయంలో ఇంజిన్ల చప్పుడు సముద్రంలో చాలా దూరం పోతుంది, గొట్టం రాడార్‌కు దొరుకుతుంది. దీనికితోడు ఛార్జి అయ్యేటప్పుడు బ్యాటరీల నుంచి హైడ్రోజన్ వస్తుంది, గాలి సరిగ్గా ఆడకపోతే పేలుడే. జలాంతర్గామికి అన్నిటికన్నా ప్రమాదకరమైన ఘడియ అదే.

ఈ ముక్క బుర్రలో పెట్టుకుని రోడ్డు దాటండి. ఎదురుగా ఉన్న టీయూ-142 జలాంతర్గాములను వేటాడే విమానం, అది ఎదురుచూసేది సరిగ్గా ఆ ఘడియ కోసమే. అందుకే ముందు సబ్‌మెరైన్, తర్వాత విమానం. తిప్పి చూస్తే విమానంలో పెట్టినవన్నీ ఉత్త ఇనుప సామానుగా కనిపిస్తాయి. వరసలో చూస్తే వేటగాడూ వేటా ఒకే రోడ్డుకు అటూ ఇటూ ఉన్నట్టు. విమానం సముద్రం మీద సోనోబాయ్‌లు జారవిడుస్తుంది. అవి నీళ్లలో తేలుతూ అడుగున వినిపించే చప్పుడును రేడియో ద్వారా పైకి పంపుతాయి. మూడు నాలుగు చోట్ల నుంచి వచ్చిన చప్పుళ్లను పోల్చి జలాంతర్గామి ఎక్కడుందో లెక్కగడతారు. ఆ సోనోబాయ్‌లను ప్రదర్శనలో దగ్గరగా చూడొచ్చు. నౌకాదళం ఈ విమానాలను 1988 నుంచి 2017 దాకా నడిపింది. 2017 మార్చి 29న అరక్కోణంలో వీడ్కోలు చెప్పారు. ఒక విమానం విశాఖకు ఎగిరొచ్చి దిగాక, భాగాలుగా విప్పి రోడ్డు మీద బీచ్‌కు తెచ్చి మళ్లీ కూర్చారు. 2017 డిసెంబరులో అప్పటి రాష్ట్రపతి రామ్‌నాథ్ కోవింద్ మ్యూజియాన్ని ప్రారంభించారు. బయట నిలబడి ఇంజిన్లను పరికించి చూడండి. ఒక్కో ఇంజిన్‌కు రెండు ప్రొపెల్లర్లు ఒకదాని వెనక ఒకటి, ఎదురెదురు దిక్కుల్లో తిరిగేలా ఉంటాయి. లోపలి భాగం త్వరగా అయిపోతుంది, ముప్పావుగంట చాలు. కురుసురకు గంట ఉంచుకోండి. దగ్గర్లోనే సీ హారియర్ యుద్ధవిమానం, యూహెచ్-3హెచ్ హెలికాప్టర్ కూడా ప్రదర్శనకు చేరాయి. పిల్లలుంటే వాటికి ఇంకో గంట.

ఫొటోల లెక్క వేరు. సబ్‌మెరైన్ సముద్రం వైపు ఉంది కాబట్టి మధ్యాహ్నం ఎండ రోడ్డు వైపు నుంచి దానిమీద నేరుగా పడుతుంది. విమానం ఊరి వైపు ఉండటంతో, బీచ్ నుంచి తీస్తే ఎండకు ఎదురై నల్లగా వస్తుంది. దీపాలు వెలిగాక తీసుకోవడమే మంచిది.

‘విక్టరీ ఎట్ సీ’ స్తూపం కూడా బీచ్ రోడ్డు మీదే ఉంది, టికెట్ లేదు. 1971 యుద్ధం గుర్తుగా 1996లో కట్టారు. 1971 డిసెంబరు 3-4 రాత్రి పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ విశాఖ తీరానికి దగ్గర్లోనే మునిగిపోయింది. ఎలా మునిగిందన్న దాని మీద మన కథనం ఒకటి, వాళ్లది ఒకటి. మంచి గైడు రెండూ చెబుతాడు. విశాఖ మ్యూజియం పాత డచ్చి బంగ్లాలో ఉంది. 1942 ఏప్రిల్ 6న జపాన్ విమానాలు ఊరి మీద వేసిన బాంబుల్లో పేలని ఒకటి అక్కడ ఉంది. దానికోసం అరగంట కేటాయించొచ్చు, టైము లేకపోతే వదిలేయొచ్చు.

ఇక పొద్దుటి పూట తీరం. ఆర్కే బీచ్ నుంచి భీమిలి దాకా సుమారు 25 కిలోమీటర్లు, సముద్రం మొత్తం కుడిచేతి వైపే ఉంటుంది. అందుకని వెళ్లేటప్పుడు బస్సులో కుడి కిటికీ పట్టుకోండి. సూర్యుడు సముద్రంలోంచే లేస్తాడు. కొండలమీద వెలుగు బాగా పడేది తొమ్మిది లోపే. కైలాసగిరి అప్పుడే ఎక్కాలి. ఆ పైనుంచి దక్షిణాన డాల్ఫిన్స్ నోస్ కొండ, ఉత్తరాన వంపు తిరిగిన తీరం రెండూ కనిపిస్తాయి. మధ్యాహ్నానికి మంచులాంటి మసక కమ్ముతుంది. రోప్‌వే సరదాగానే ఉంటుంది, కానీ సెలవు రోజుల్లో దాని క్యూకే గంట పోతుంది. కారు పైదాకా వెళ్తుంది.

రుషికొండకు 2020లో శుభ్రమైన, భద్రమైన బీచ్‌లకిచ్చే బ్లూ ఫ్లాగ్ గుర్తింపు వచ్చింది. స్నానానికి హద్దులు గీసిన చోటు, లైఫ్‌గార్డులు ఉంటారు. ఆర్కే బీచ్‌లో కాళ్లు తడుపుకోవడమే, స్నానం వద్దు. ఒడ్డు దగ్గరే లోతు ఒక్కసారిగా పెరుగుతుంది. యారాడ బీచ్ మూడువైపులా కొండలతో చూడటానికి అందమైనది, నీళ్లలో దిగడానికి అంతే చెడ్డది. అలలు ఒడ్డుకు తెచ్చిన నీరు ఇరుకు పాయల్లో సముద్రంలోకి తిరిగి పోతుంటుంది. ఆ పాయలో అలలు విరగవు, నీరు నిదానంగా కనిపిస్తుంది. తెలియనివాళ్లు అక్కడే దిగుతారు. చిక్కుకుంటే ఒడ్డుకు ఎదురీదకూడదు, తీరం వెంబడి పక్కకు ఈది బయటపడాలి.

తొట్లకొండను చాలా టూర్లు పక్కన పెట్టేస్తాయి, అది పొరపాటు. 1970ల్లో నౌకాదళం తన అవసరాలకు విమానం నుంచి సర్వే చేస్తుంటే ఈ బౌద్ధ క్షేత్రం బయటపడింది. 1988-92 మధ్య తవ్వారు. రాతిలో తొలిచిన నీటి తొట్ల వల్ల ఆ పేరు. నీడ తక్కువ కాబట్టి పదిలోపు చూసి దిగాలి, తాగే నీళ్లు వెంట ఉండాలి. 2025 ఆగస్టులో మొదలైన డబుల్ డెక్కర్ హాప్ ఆన్-హాప్ ఆఫ్ బస్సులు ఆర్కే బీచ్ నుంచి ఇక్కడిదాకా, 16 కిలోమీటర్లు వస్తాయి. తీరం ఒక్కటే చూడాలంటే ప్యాకేజీ కన్నా ఇదే నయం, ఎక్కడ కావాలంటే అక్కడ దిగి తర్వాతి బస్సు ఎక్కొచ్చు. భీమిలి దాకా పోవాలంటే ఆర్టీసీ 900కె ఉంది.

ఎర్రమట్టి దిబ్బలు భీమిలికి ముందే తగులుతాయి. గాలి పోగేసిన ఇసుక మీద ఇనుము ఆక్సైడు పొర పట్టి ఎరుపెక్కింది, వాన నీరు కోసి లోయలు చేసింది. ఇలాంటివి తమిళనాడులోనూ శ్రీలంకలోనూ ఉన్నాయి, అంతే. వానలు పడ్డ వారంలో లోయల్లోకి దిగొద్దు, గోడలు విరిగి పడతాయి. మట్టి తెచ్చుకోవద్దు, అంచుల మీద ఎక్కొద్దు. భీమిలిలో డచ్చివాళ్ల సమాధులు, గోస్తనీ నది సముద్రంలో కలిసే చోటు చూసి పదకొండున్నరకు వెనక్కి తిరిగితే భోజనం చేసి రెండింటికి కురుసుర దగ్గర ఉండొచ్చు. డ్రోన్ తెస్తే పెట్టెలోంచి తీయకండి. ఇది నౌకాదళం ఊరు, ఊళ్లోని విమానాశ్రయం కూడా వాళ్ల వైమానిక స్థావరం ఐఎన్‌ఎస్ డేగాలోనే ఉంది. డాక్‌యార్డు, డాల్ఫిన్స్ నోస్ వైపు ఫొటోలకు బోర్డులు చూసి నడుచుకోవాలి.

బసకు మూడు చోట్లు. ఆర్టీసీ కాంప్లెక్స్ చుట్టుపక్కల గదులు చవక, బస్సులు చేతికందే దూరంలో ఉంటాయి, రాత్రి హారన్లు తప్పవు. రుషికొండ వైపు ప్రశాంతం, కానీ రాత్రి పొద్దుపోయాక ఆటో దొరకడం కష్టం, రేటూ ఎక్కువే. బీచ్ రోడ్డు మీద దిగితే మ్యూజియాలకు నడిచిపోవచ్చు. ‘సీ వ్యూ’ గదికి అదనంగా ఇచ్చేముందు ఆ గది ఏసీనీ బాత్‌రూమ్ కుళాయినీ వేసి చూడండి. ఉప్పుగాలి వాటిని రెండు మూడేళ్లలోనే తినేస్తుంది, పాత హోటళ్లలో సముద్రం వైపు గదులే ముందుగా పాడవుతాయి. శని, ఆదివారాలు బీచ్ రోడ్డు రాత్రి పదకొండు దాకా సద్దుమణగదు కాబట్టి, చంటిపిల్లలుంటే వెనకవైపు గది అడగండి.