వీఆర్‌ఎస్: బకాయి తేల్చుకుని సంతకమా, సంతకం పెట్టి పోరాటమా?

విశాఖలో గాజువాక, కూర్మన్నపాలెం వైపు ఈ మధ్య ఎవరు కలిసినా ఇదే ప్రశ్న. "పే రివిజన్ ఎరియర్స్ (జీతాల సవరణ బకాయిలు) ఇంకా రాలేదు. ఇప్పుడు వీఆర్‌ఎస్ (స్వచ్ఛంద పదవీ విరమణ) పెట్టేసి, ఆ బాకీ సంగతి తర్వాత చూసుకుంటే నష్టమా?" స్టీల్‌ప్లాంట్ వాళ్ళే కాదు, నగరంలోని మిగతా కేంద్ర సంస్థల వాళ్ళదీ ఇదే టెన్షన్. వీఆర్‌ఎస్ తీసుకోవాలా వద్దా అన్నది వాళ్ళ ఇంటి లెక్క, అందులోకి నేను వెళ్ళను. వెళ్ళిపోదామని తేల్చుకున్నవాళ్ళకు ఏ దారి మేలో చూద్దాం.

ముందు సంతకం పెట్టేవాళ్ళ వాదనలో బలం లేకపోలేదు. సంస్థ పరిస్థితి బాగోలేనప్పుడు ఇవాళ ఇస్తామన్న ప్యాకేజీ వచ్చే ఏడాది ఉంటుందన్న భరోసా ఎవరిస్తారు? పైగా చాలా సంస్థల్లో లెక్క ఇలా ఉంటుంది: పూర్తిచేసిన ప్రతి ఏడాదికి 45 రోజుల బేసిక్ ప్లస్ డీఏ (కరువు భత్యం), లేదా మిగిలిన సర్వీసుకు వచ్చే జీతం, రెండింట్లో ఏది తక్కువైతే అది. నెలకు 80,000, సర్వీసు 30 ఏళ్ళు అనుకోండి. 45 నెలల జీతం, అంటే 36 లక్షలు. ఇంకా నాలుగేళ్ళ (48 నెలల) సర్వీసు ఉన్నవాడికి అది పూర్తిగా వస్తుంది. ఏడాది ఆగితే మిగిలేది 36 నెలలే కాబట్టి ఎక్స్‌గ్రేషియా, అంటే ఆ ప్యాకేజీ మొత్తం, 28.8 లక్షలకు పడిపోతుంది. చూడ్డానికి పెద్ద దెబ్బే. కానీ ఆ ఏడాది జీతం 9.6 లక్షలు చేతికొచ్చింది కదా! అందుకే, స్కీము తెరిచి ఉన్నంతకాలం, ఆగడం వల్ల నష్టం అన్న మాట నేను ఒప్పుకోను.

అసలు తేడా తర్వాత పోరాడతామన్న చోటే వస్తుంది. ఫెర్టిలైజర్ కార్పొరేషన్ ఉద్యోగులు వేసిన ఎ.కె. బిందల్ కేసులో 2003లోనే సుప్రీం కోర్టు తేల్చేసింది: ప్యాకేజీ తీసుకుని బయటికి వచ్చాక సంస్థతో బంధం పూర్తిగా తెగిపోయినట్టే, పాత జీతాల సవరణ గురించి మళ్ళీ అడగడానికి లేదు. 2006లో హెవీ ఇంజనీరింగ్ కార్పొరేషన్ ఉద్యోగులకూ చుక్కెదురే. 2023 నాటి మహారాష్ట్ర ఫైనాన్షియల్ కార్పొరేషన్ కేసు ఇంకా కళ్ళు తెరిపిస్తుంది. వయసు నిండి రిటైరైనవాళ్ళకు సవరించిన జీతం బకాయిలు ఇమ్మన్న కోర్టే, వీఆర్‌ఎస్ తీసుకున్నవాళ్ళకు కుదరదంది. ఒకే సంస్థ, ఒకే పే రివిజన్.

మరి వీఆర్‌ఎస్ తీసుకుని గెలిచినవాళ్ళు లేరా అంటే ఉన్నారు. 2000 నాటి బ్యాంకు వీఆర్‌ఎస్‌లో 20 ఏళ్ళ సర్వీసు నిండినవాళ్ళకు పెన్షన్ లెక్కలో ఐదేళ్ళు కలపాలని 2009లో తీర్పు వచ్చింది. వాళ్ళు గెలిచింది జాలి వల్ల కాదు, నిబంధనల ప్రకారం పెన్షన్ ఇస్తామని స్కీములోనే రాసి ఉంది కాబట్టి. నా దృష్టిలో మొత్తం వ్యవహారం ఇక్కడే తేలిపోతుంది. కాగితంలో ఉన్నది వస్తుంది, లేనిది రాదు. "వెనకటి తేదీ నుంచి వేతన సవరణ జరిగితే వీఆర్‌ఎస్ తీసుకున్నవారికీ వర్తిస్తుంది" అన్న వాక్యం సర్క్యులర్‌లో ఉందా? ఉంటే నిశ్చింతగా సంతకం పెట్టండి. లేకపోతే పర్సనల్ డిపార్ట్‌మెంట్‌కు రాతపూర్వకంగా అడిగి, జవాబు చేతికొచ్చాకే పెట్టండి. "అందరికీ వచ్చినప్పుడు మీకూ వస్తుందిలెండి" అన్న నోటిమాటను లెక్కలోకి తీసుకోవద్దు. ఇప్పటికే దరఖాస్తు పెట్టి ఉంటే, యాజమాన్యం ఆమోదించేలోపు వెనక్కి తీసుకునే వీలు ఉందని బ్యాంక్ ఆఫ్ ఇండియా కేసులో 2003లో కోర్టు చెప్పింది. డబ్బు వాడుకున్నాక మాత్రం ఆ దారి ఉండదు.

సంతకం అయిపోయినవాళ్ళు ఎరియర్స్ పక్కనపెట్టి ముందు గ్రాట్యుటీ (సర్వీసును బట్టి దిగిపోయేటప్పుడు వచ్చే మొత్తం) చూసుకోండి. అది చట్టం ఇచ్చిన హక్కు. ఇంకేమీ అడగనని రాసిచ్చినా పోదు. 30 రోజుల్లో ఇవ్వాలి, ఆలస్యమైతే వడ్డీ కట్టాలి. కేంద్ర సంస్థ అయితే దరఖాస్తు కేంద్ర లేబర్ కమిషనర్ విభాగంలో, విశాఖలోనే. 2025 నవంబరు 21న లేబర్ కోడ్‌లు (కొత్త కార్మిక చట్టాలు) వచ్చాక సెక్షన్ నంబర్లు మారాయి కాబట్టి ఏ ఫారం వాడాలో ఆ ఆఫీసులోనే కనుక్కోండి. లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్ మాత్రం చాలావరకు కంపెనీ రూల్స్‌ను బట్టి ఉంటుంది. బకాయిల కోసం రిట్ (హైకోర్టులో వేసే పిటిషన్) వేయాలంటే నేలపాడులోని హైకోర్టు దాకా తిరగాలి, ఏళ్ళు పట్టినా ఆశ్చర్యం లేదు. డాక్‌యార్డ్ సివిలియన్ ఉద్యోగులకు, బీఎస్ఎన్ఎల్ వాళ్ళకు హైదరాబాద్‌లోని క్యాట్ (కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్). రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులకు ట్రిబ్యునల్ ఎత్తేశారు గనుక వాళ్ళకూ హైకోర్టే.

ఇంకోటి, ఉక్కునగరం లాంటి టౌన్‌షిప్ క్వార్టర్స్‌లో ఉన్నవాళ్ళకు. బకాయి ఇచ్చేదాకా ఇల్లు ఖాళీ చేయం అని భీష్మించుకోకండి. గడువు దాటి ఉంటే పడే పెనాల్టీ అద్దెను గ్రాట్యుటీలోంచి కోసుకోవచ్చని సుప్రీం కోర్టు ఒప్పుకున్న కేసులున్నాయి. తాళాలు అప్పగించి, రసీదు తీసుకోండి.