వెయ్యి లోపు హెచ్‌డీఎంఐ క్యాప్చర్ డాంగిల్: గేమ్‌కి సరిపోతుంది, టీవీ మ్యాచ్ కోసమైతే కొనకండి

గేమ్ కన్సోల్ బొమ్మని కంప్యూటర్‌లోకి తెచ్చి రికార్డ్ చేసుకోవడానికి వాడే ఈ డాంగిల్ బొటనవేలంత ఉంటుంది. ఒకవైపు హెచ్‌డీఎంఐ కేబుల్ పెట్టే సందు, ఇంకోవైపు యూఎస్‌బీ పిన్ను, అంతే. ఆన్‌లైన్‌లో రకరకాల పేర్లతో, సికింద్రాబాద్ సీటీసీ కంప్యూటర్ మార్కెట్‌లో అయితే అసలు పేరే లేకుండా అమ్ముతున్నారు, ధర వెయ్యి లోపే. "అన్నా, 4కే వస్తది, లైవ్ మ్యాచ్‌లు కూడా రికార్డ్ అయితయ్, కళ్లు మూసుకుని తీస్కో" అన్నాడు షాపతను. పెట్టె మీద కూడా అవే మాటలు, ఇంకా పెద్ద అక్షరాల్లో, పక్కన యూఎస్‌బీ 3.0 అని. మా ఇంట్లో పీఎస్ 4 (సోనీ గేమ్ కన్సోల్) మీద ఆదివారాలు క్రికెట్ 24 అనే గేమ్ టోర్నమెంట్ నడుస్తుంది, పిల్లలూ పెద్దలూ కలిసి. దాన్ని రికార్డ్ చేసి డల్లాస్‌లో ఉన్న మా బావకి, ఇంకా ఆడలేక చూసేవాళ్లందరికీ పంపాలన్నది నా అవసరం. ఆ పనికి ఇది బాగానే ఉంది. పెట్టె మీద రాసిన మిగతా వాటికి మాత్రం విడివిడిగా సమాధానం చెప్పుకోవాలి.

ముందు 4కే సంగతి. ఇది 4కే సిగ్నల్‌ని లోపలికి తీసుకుంటుంది, అదీ సెకనుకి 30 ఫ్రేములు. కంప్యూటర్‌కి ఇచ్చేది మాత్రం 1080పీ, అంటే 4కే చుక్కల్లో నాలుగో వంతు ఉండే ఫుల్ హెచ్‌డీ. రాసినవాడు అబద్ధం ఆడలేదు, మనం ఏమనుకుంటామో వాడికి బాగా తెలుసు.

యూఎస్‌బీ 3.0 అన్నది ఇంకా చిత్రం. పిన్ను లోపల నీలం రంగు ప్లాస్టిక్ పెట్టారు, నీలం చూడగానే 3.0 అనుకోవడం మనకి అలవాటు, లోపల పనిచేసేది మాత్రం 2.0. దీనివల్ల నష్టమేంటో ఒక్క లెక్క వేస్తే తెలిసిపోతుంది. అడ్డం 1920 చుక్కలు, నిలువు 1080, చుక్కకి 2 బైట్లు, సెకనుకి 60 ఫ్రేములు, మొత్తం గుణిస్తే సెకనుకి దాదాపు 249 ఎంబీ, అంటే ఇంచుమించు 2000 మెగాబిట్లు. యూఎస్‌బీ 2.0 వేగం లెక్క ప్రకారం చూసినా 480 మెగాబిట్లే. బెజవాడ వన్‌టౌన్ సందులోకి లారీ తోలినట్టు ఉంటుంది వ్యవహారం. అందుకని డాంగిల్ ప్రతి ఫ్రేమునీ జేపెగ్ ఫొటోలా నొక్కేసి చిన్నది చేసి పంపుతుంది, దాన్నే ఎంజేపెగ్ అంటారు. అలా నొక్కినా 1080పీలో 30 ఫ్రేములు, 720పీలో 60 ఫ్రేములు, అంతకు మించి రాదు.

ఇక్కడే చాలామంది ఒక్క స్టార్ ఇచ్చి వెళ్లిపోతున్నారు, నాకైతే అది కొంచెం అన్యాయం అనిపిస్తుంది. ఓబీఎస్ స్టూడియోలో (2012 నుంచి ఉన్న ఉచిత రికార్డింగ్ సాఫ్ట్‌వేర్, దీనికి డబ్బులు అడిగే సైటు ఏదైనా కనిపిస్తే అక్కడి నుంచి దిగుమతి చేసుకోకండి) వీడియో క్యాప్చర్ డివైస్ అని కొత్త సోర్స్ కలిపి డాంగిల్‌ని ఎంచుకుంటే, చాలాసార్లు అది వైయూవై2 అనే నొక్కని ఫార్మాట్‌ని పట్టుకుంటుంది. నొక్కని ఫార్మాట్‌లో 1080పీ ఈ డాంగిల్ నుంచి సెకనుకి 5 ఫ్రేములే వస్తుంది. బౌలర్ రనప్ స్లైడ్ షోలా కనిపిస్తుంది, కొన్నవాడు డాంగిల్ పాడైందనుకుంటాడు. అదే విండోలో రిజల్యూషన్‌ని కస్టమ్ చేసి, వీడియో ఫార్మాట్ దగ్గర ఎంజేపెగ్ పెట్టి, ఎఫ్‌పీఎస్ (సెకనుకి ఫ్రేములు) 30 అని చేతితో ఎంచుకోండి. సమస్య అక్కడితో పోతుంది.

నల్ల తెర అని ఇంకో సమస్య ఉంది, అది పీఎస్ 4 వైపు నుంచి. హెచ్‌డీసీపీ అని హెచ్‌డీఎంఐ సిగ్నల్‌కి వేసే తాళం ఒకటుంటుంది, అది వేసి ఉంటే డాంగిల్‌కి ఏమీ కనపడదు. కన్సోల్‌లో సెట్టింగ్స్, సిస్టమ్‌లోకి వెళ్లి ఎనేబుల్ హెచ్‌డీసీపీ టిక్ తీసేస్తే గేమ్ కనిపిస్తుంది. ఇది సోనీవాళ్లే ఇచ్చిన సౌకర్యం, దొంగదారి కాదు. అది తీసేసి ఉన్నంతసేపు కన్సోల్‌లో సినిమా యాప్‌లు కొన్ని పనిచేయవు, రాత్రికి ఇంట్లో ఎవరైనా సిరీస్ చూసే అలవాటుంటే మళ్లీ టిక్ పెట్టడం మర్చిపోవద్దు, లేకపోతే తిట్లు మీకే. పీఎస్ 3 ఉన్నవాళ్లు మాత్రం ఈ డాంగిల్ కొనకండి, అందులో హెచ్‌డీఎంఐకి ఆ తాళం తీసే ఆప్షనే లేదు.

బొమ్మ ఎలా ఉందంటే, కెమెరా నిలకడగా ఉన్నంతసేపు చాలా బాగుంది. బ్యాట్స్‌మన్ స్టాన్స్ తీసుకోవడం, ఫీల్డింగ్ సెట్ చేయడం, రీప్లేలో స్లో మోషన్, ఇవన్నీ 1080పీ 30లో చక్కగా వస్తాయి. సిక్స్ కొట్టినప్పుడు కెమెరా బంతి వెంట స్టాండ్స్ వైపు గిర్రున తిరుగుతుంది చూడండి, అప్పుడు గడ్డి అంతా అలికినట్టు అయిపోతుంది, జనం చిన్న చిన్న గడులుగా కనిపిస్తారు. ఎర్ర బంతి అంచులు, స్కోర్‌బోర్డులో ఎర్ర అక్షరాలు కొంచెం పాకినట్టుంటాయి. రంగులు మొత్తంగా పాలిపోయినట్టో, నీడలు నల్లగా ముద్దకట్టినట్టో ఉంటే అది డాంగిల్ తప్పు కాకపోవచ్చు, పీఎస్ 4లో ఆర్‌జీబీ రేంజ్, ఓబీఎస్‌లో కలర్ రేంజ్ రెండూ ఒకదానికొకటి సరిపోయేలా పెట్టాలి.

ఫుట్‌బాల్‌కి వస్తే నా సలహా వేరు. ఈఏ ఎఫ్‌సీ, ఈఫుట్‌బాల్ లాంటివి సెకనుకి 60 ఫ్రేములతో ఆడే ఆటలు, పాసింగ్ అంతా వేగమే, 30లో చూస్తే తెగిపోతున్నట్టు ఉంటుంది. అందుకని వాటికి 720పీ 60 పెట్టండి. ఫోన్‌లో చూసేవాళ్లకి 720కీ 1080కీ తేడా పెద్దగా తెలియదు, 30కీ 60కీ తేడా మాత్రం వెంటనే తెలుస్తుంది. క్రికెట్‌కి 1080, ఫుట్‌బాల్‌కి 720.

అసలు పీఎస్ 4లోనే షేర్ బటన్ ఉంది కదా అంటారు. ఉంది. మామూలు పీఎస్ 4 తనంతట తాను రికార్డ్ చేసేది 720పీ 30, గరిష్ఠంగా గంట. ఇరవై ఓవర్ల మ్యాచ్ పూర్తిగా ఆడితే గంట ఏ మూలకీ సరిపోదు. దానితో పోలిస్తే ఈ డాంగిల్ మెరుగే. పీఎస్ 5 ఉన్నవాళ్లకి మాత్రం చిన్న క్లిప్పుల కోసం ఇది దండగ, క్రియేట్ బటన్ నొక్కితే దీనికంటే శుభ్రమైన బొమ్మ కన్సోలే ఇస్తుంది. ఇక కంప్యూటర్‌లోనే ఆడేవాళ్లకి ఏ డాంగిలూ అక్కర్లేదు, ఓబీఎస్‌లో గేమ్ క్యాప్చర్ చాలు. 2006లో వచ్చిన ఈఏ క్రికెట్ 07కి ఇప్పటికీ కొత్త జెర్సీలు, కొత్త స్టేడియంలు వేసుకుని ఆడే బ్యాచ్ ఒకటుంది మన దగ్గర, వాళ్లకి ఈ రివ్యూతో పనే లేదు.

దీనికి ఉన్న పెద్ద లోటు పాస్‌త్రూ లేకపోవడం. అంటే సిగ్నల్ లోపలికి వెళ్తుంది తప్ప మళ్లీ టీవీకి రాదు. ల్యాప్‌టాప్‌లో ఓబీఎస్ ప్రివ్యూ చూస్తూ ఆడదామంటే బొమ్మ కాస్త ఆలస్యంగా వస్తుంది, క్రికెట్‌లో టైమింగే అంతా కాబట్టి ప్రతి బంతికీ లేటే, కవర్ డ్రైవ్ అనుకున్నది స్లిప్‌లో క్యాచ్. కాబట్టి ఒకటి తీసుకుని రెండు ఇచ్చే హెచ్‌డీఎంఐ స్ప్లిటర్ కావాలి, ఒకటి టీవీకి, ఒకటి డాంగిల్‌కి. కోఠి గుజరాతీ గల్లీలో స్ప్లిటర్, కేబుళ్లు కలిపి చూసుకుంటే డాంగిల్ ఖర్చుకి దగ్గరగా వస్తుంది. ఆ ఖర్చు పెట్టె మీద ఎవరూ రాయరు.

ఆ ఆలస్యం వల్లే ఇంకో తమాషా. మావాళ్లు మైకు పెట్టి తెలుగులో కామెంటరీ చెప్తారు, "అబ్బా, ఏం కొట్టాడు" అన్న మాట బ్యాటు కదలకముందే వినిపిస్తుంది రికార్డింగ్‌లో. ఓబీఎస్ అడ్వాన్స్‌డ్ ఆడియోలో మైకుకి సింక్ ఆఫ్‌సెట్ కొంచెం కొంచెం పెంచుతూ, బంతి బ్యాటుకి తగిలిన క్షణానికి మాట కుదిరేదాకా సర్దుకోవాలి. గేమ్ సౌండ్ మాత్రం మోనోగానే వస్తుంది, స్టీరియో లేదు. స్టేడియం గోలకి మోనో అయినా నాకు ఇబ్బంది అనిపించలేదు. గంట దాటితే వస్తువు బాగా వేడెక్కుతుంది, ల్యాప్‌టాప్‌కి నేరుగా గుచ్చకుండా చిన్న ఎక్స్‌టెన్షన్ కేబుల్ పెట్టి గాలి తగిలేలా వదిలేస్తే మంచిది.

రికార్డింగ్ ఎంపీ4లో కాకుండా ఎంకేవీలో పెట్టండి. మన దగ్గర కరెంటు ఎప్పుడు పోతుందో తెలియదు, ఇన్వర్టర్ లేని డెస్క్‌టాప్ అయితే మామూలు ఎంపీ4 ఫైలు మధ్యలో ఆగితే తెరుచుకోదు, ఎంకేవీ అయితే పోయిన క్షణం వరకూ ఉంటుంది. తర్వాత ఓబీఎస్ ఫైల్ మెనూలోనే రీమక్స్ అని ఉంది, నిమిషంలో ఎంపీ4 అయిపోతుంది. 10 ఎంబీపీఎస్ (సెకనుకి 10 మెగాబిట్లు) బిట్‌రేట్‌తో గంటకి నాలుగున్నర జీబీ పడుతుంది. పెన్‌డ్రైవ్ మీదకి ఎక్కించేటప్పుడు అది ఫ్యాట్32లో ఉంటే 4 జీబీ దాటిన ఫైలు ఎక్కదు, దాన్ని ఎక్స్‌ఫ్యాట్‌కి మార్చుకోండి.

ఇక టీవీలో లైవ్ మ్యాచ్ సంగతి. మా సెట్‌టాప్ బాక్స్ హెచ్‌డీఎంఐ తెచ్చి దీనికి పెడితే వచ్చింది నల్ల తెర. కారణం పైన చెప్పిన హెచ్‌డీసీపీ తాళమే, కాకపోతే బాక్సులో దాన్ని తీసే ఆప్షన్ మన చేతిలో ఉండదు. ఈ మాట షాపతన్ని అడిగితే "తాళం తీసే స్ప్లిటర్ వేరే ఉంది, ఇయ్యాల్నా?" అన్నాడు. నేను దాని జోలికి పోలేదు. సొంతంగా చూసుకోవడానికి ప్రసారాన్ని రికార్డ్ చేసుకుంటే 1957 కాపీరైట్ చట్టం 39వ సెక్షన్ దాన్ని ప్రసార హక్కుల ఉల్లంఘన అనదు. కానీ హక్కుల్ని ఉల్లంఘించే ఉద్దేశంతో ఇలాంటి తాళాలు తీస్తే రెండేళ్ల దాకా జైలు అని 2012 సవరణలో 65ఏ సెక్షన్ చేర్చారు. గేమ్ ఆడుకునేవాడికి ఆ టెన్షన్ ఎందుకు?

మ్యాచ్ దాచుకోవాలనుకుంటే దారి వేరే ఉంది. చాలా హెచ్‌డీ బాక్సుల్లో రికార్డింగ్ సౌకర్యం ఉంటుంది, టాటా స్కై ప్లస్ 2008లోనే హార్డ్ డిస్కుతో వచ్చింది. అలా తీసింది మామూలుగా ఆ బాక్సులోనే ఆడుతుంది, కంప్యూటర్‌లో కాదు. 2007 చట్టం వల్ల ముఖ్యమైన మ్యాచ్‌లు దూరదర్శన్‌కి కూడా ఇవ్వాలి, ఆ సిగ్నల్‌ని ప్రైవేటు కేబుల్, డీటీహెచ్‌వాళ్లకి పంచకూడదని 2017లో సుప్రీంకోర్టు చెప్పింది. అందుకే దూరదర్శన్‌వాళ్ల ఫ్రీ డిష్ పెట్టుకున్న ఇంటికి ఆ విషయంలో లాభం, పైగా కొన్ని ఫ్రీ డిష్ బాక్సుల్లో పెన్‌డ్రైవ్ రికార్డింగ్ కూడా ఉంటుంది. ఏ దారిలో తీసినా, టీవీ మ్యాచ్ ముక్కల్ని యూట్యూబ్‌లో పెట్టొద్దు, 90 రోజుల్లో మూడు కాపీరైట్ స్ట్రైకులు పడితే ఛానెల్ మొత్తం పోతుంది, మీ గేమ్ వీడియోలు కూడా దానితో పాటే.

గేమ్‌నే యూట్యూబ్‌లో లైవ్ ఇవ్వాలంటే 720పీ 60కి 6 ఎంబీపీఎస్ చాలు, ఇంట్లో ఫైబర్ ఉంటే ఇబ్బంది లేదు, వైఫై కాకుండా ల్యాన్ వైరు పెట్టుకుంటే ఇంకా మంచిది. కొత్త ఛానెల్‌లో లైవ్ మొదటిసారి ఆన్ చేశాక 24 గంటల దాకా పట్టొచ్చు, ఆదివారం టోర్నమెంట్‌కి శుక్రవారమే ఆన్ చేసి పెట్టుకోండి. ఫుట్‌బాల్ గేముల మెనూల్లో వచ్చే పాటలు ఆపేయండి, వాటి మీద కాపీరైట్ క్లెయిములు వస్తాయి.

1080పీ 60 కచ్చితంగా కావాలి, పాస్‌త్రూ కావాలి అంటే నిజమైన యూఎస్‌బీ 3.0 కార్డు కొనాలి, అది వేలల్లో ఉంటుంది, ఛానెల్ మీద నాలుగు డబ్బులు వచ్చేవాళ్లకి తప్ప నేను చెప్పను. ఈ డాంగిల్ కొనేటప్పుడు మాత్రం వెనక్కిచ్చే గడువు ఉన్నచోటే కొనండి. తెచ్చిన రోజే ఓబీఎస్‌లో పెట్టి, ఎంజేపెగ్ ఎంచుకుని, 1280x720 దగ్గర ఎఫ్‌పీఎస్ లిస్టు తెరిచి చూడండి. అందులో 60 కనపడకపోతే ఆ సాయంత్రమే వెనక్కి ఇచ్చేయండి.