ఫ్రూట్ స్కోన్ మిక్స్: మూడు స్టార్లు, అవీ ఫ్రూట్ వల్ల కాదు

స్కోన్ అంటే ఇంగ్లండ్‌లో జామ్, మీగడ రాసుకుని తినే, చిన్న బన్నులాంటి తినుబండారం. ఇక్కడ లెస్టర్‌లో మా ఇంటి దగ్గరి సూపర్ మార్కెట్ వాళ్లు సొంత బ్రాండ్‌తో అమ్ముతున్న స్కోన్ పిండి మిశ్రమం ఇది. 350 గ్రాముల ప్యాకెట్, ధర పౌండున్నర. నీళ్లు పోసి కలిపి, గుండ్రంగా కోసి, ఓవెన్‌లో పెట్టడమే పని. విజయవాడ నుంచి మా అత్తగారు వచ్చి ఉన్నారు. ఆవిడ గుడ్డు ముట్టరు కాబట్టి లేబుల్ ఒకటికి రెండుసార్లు చదివి మరీ తెచ్చాను. మిక్స్‌లో గుడ్డు లేదు. కాల్చే ముందు పైన గుడ్డు సొన రాయమని ప్యాకెట్ వెనక ఉంది గానీ, పాలు రాసినా రంగు బాగానే వస్తుంది.

పొంగడంలో మాత్రం వంక పెట్టడానికి లేదు. 220 డిగ్రీల వేడిలో (ఫ్యాన్ ఓవెన్ అయితే 200 చాలు) పన్నెండు నిమిషాలకే ఎత్తుగా లేచి నడుము దగ్గర చీలాయి. స్కోన్‌కి ఆ చీలికే అందం, కత్తితో పని లేకుండా చేత్తోనే రెండుగా విడదీయొచ్చు. తోముకోవడానికి ఒక్క గిన్నె. చుట్టాలు బయల్దేరామని ఫోన్ చేశాక మొదలుపెట్టినా టెన్షన్ లేదు.

ఇక ఫ్రూట్ సంగతి. పేరులో పండు ఉంటే అది ఎంత శాతమో లేబుల్ మీద రాయాలని ఇక్కడ రూలు. ఇందులో కిస్మిస్ 9 శాతం. అంటే ప్యాకెట్ మొత్తానికి ముప్ఫై గ్రాముల పైచిలుకు, గుప్పెడు కూడా కాదు. ఎనిమిది స్కోన్లు చేస్తే ఒక దాంట్లో నాలుగు, ఇంకో దాంట్లో అసలు లేవు. ఉన్నవీ ఎండి గట్టిపడినవే. పైకి తేలినవి ఓవెన్‌లో నల్లగా మాడి చేదెక్కాయి. పండు తక్కువైన లోటు చక్కెరతో పూడ్చినట్టున్నారు, జామ్ వేసుకుంటే తీపి మొహం మొత్తుతుంది.

అసలు పేచీ వెన్న దగ్గర. లేబుల్‌లో పిండి, చక్కెర తర్వాత పామాయిల్ ఉంది, వెన్న ఊసే లేదు. వేడిగా ఉన్నంతసేపూ తేడా తెలియదు. చల్లారాక అంగిలికి జిడ్డుగా అంటుకుంటుంది. మా అత్తగారు ఒక ముక్క నోట్లో వేసుకుని, "ఇది బిస్కెట్టా, బన్నా అల్లుడుగారూ?" అన్నారు. తర్వాత కాఫీలో ముంచుకుని తిన్నారు. స్కోన్ మీద మీగడ ముందా జామ్ ముందా అని కొట్టుకునే, ఇంగ్లండ్‌లో పక్కపక్క ప్రాంతాలైన డెవన్ వాళ్లూ కార్న్‌వాల్ వాళ్లూ అది చూస్తే పాత గొడవ మర్చిపోయి మా మీద పడతారు. (డెవన్‌లో క్లాటెడ్ క్రీమ్ అనే గట్టి మీగడ ముందు రాస్తారు, కార్న్‌వాల్‌లో జామ్ ముందు. కనీసం 55 శాతం కొవ్వున్న మీగడ, ఏది ముందు రాసినా బాగుంటుంది.)

నిజానికి మిక్స్‌లో ఉన్న తెలివంతా పొంగే పొడిని పిండిలో ముందే కలిపి పెట్టడమే. ఆ పని 1845లోనే బ్రిస్టల్‌లో హెన్రీ జోన్స్ అనే ఆయన చేసి పేటెంట్ తీసుకున్నాడు. సెల్ఫ్ రైజింగ్ పిండి అదే. అది ఇంట్లో ఉంటే సగం మిక్స్ ఉన్నట్టే, మిగతా సగానికి పౌండున్నర ఎందుకు?

నేను చేసే కొలత ఇది: ఆ పిండి 225 గ్రాములు, చల్లటి వెన్న 55, చక్కెర 25, కిస్మిస్ 75, చిటికెడు ఉప్పు, పాలు 150 మిల్లీలీటర్లు. వెన్నను చిన్న ముక్కలు చేసి పిండిలో వేసి వేలికొసలతో నలపాలి, అరచేయి తగలకూడదు. అరచేతి వేడికి వెన్న కరిగితే పిండి జిడ్డుగా ముద్దకడుతుంది. రవ్వలా పొడిపొడిగా అయ్యాక చక్కెర, ఉప్పు, కిస్మిస్ వేసి, పాలు పోసి ముద్ద చేయాలి. చపాతీ పిండిలా మర్దన చేశారో, గట్టిపడిపోతుంది. కిస్మిస్‌ను వేడి టీ డికాక్షన్‌లో కాసేపు నానబెట్టి ఒత్తేస్తే ఉబ్బి మెత్తగా ఉంటాయి. పైకి కనిపించేవాటిని లోపలికి నొక్కేస్తే మాడవు. ముద్దను అంగుళం మందాన చేత్తోనే అద్ది, కట్టర్‌ని తిన్నగా దించి తిన్నగా తీయాలి. మెలితిప్పితే స్కోన్ ఒక పక్కకి ఒరుగుతుంది. స్టీలు గ్లాసు వద్దు, దాని అంచు మొద్దు. పిండిని కోయదు, నొక్కేస్తుంది, అప్పుడు పక్కలు సరిగా లేవవు. ఓవెన్ వేడి పైన చెప్పిందే, కాకపోతే రెండు మూడు నిమిషాలు ఎక్కువ పట్టొచ్చు.

హైదరాబాద్‌లో సెల్ఫ్ రైజింగ్ దొరకట్లేదని మా చెల్లెలు అడిగింది. 225 గ్రాముల మైదాకి మూడు టీస్పూన్ల బేకింగ్ పౌడర్ కలిపి జల్లిస్తే సరిపోతుంది.

హాస్టల్లో ఉండే పిల్లలకీ, ఇంట్లో త్రాసు లేనివాళ్లకీ ఈ ప్యాకెట్ పర్వాలేదు. కొంటే చక్కెర వేయని జామ్ వాడండి, గుప్పెడు కిస్మిస్ మీరే కలుపుకోండి, వేడిగా ఉన్నప్పుడే తినేయండి. మర్నాటికి దాచుకునే సరుకు మాత్రం కాదు.