ఆటిజం పిల్లలకు స్టెమ్ సెల్ ఇంజక్షనా, రోజువారీ థెరపీనా: ఏది మేలు?

హన్మకొండలోనైనా కరీంనగర్‌లోనైనా, పిల్లగాడికి ఆటిజం అని తేలిన కొద్ది రోజులకే చుట్టాల్లో ఎవరో స్టెమ్ సెల్ (మూలకణాల) వైద్యం వీడియో పంపుతారు. ఎకరం అమ్మైనా చేయిద్దామని ఇంట్లో మాట మొదలవుతుంది. ఆ ఆశను తప్పుపట్టలేం. మేడారంలో నిలువెత్తు బంగారం మొక్కుకున్నా నష్టం లేదు, ఆ మొక్కు థెరపీని ఆపమనదు. ఇంజక్షన్ సంగతి వేరు.

ఎక్కువగా తుంటి ఎముకలోంచి మూలుగ తీసి, అందులోని కణాలను వెన్నులోకి ఎక్కిస్తారు. మత్తు తప్పదు, ఇన్ఫెక్షన్ భయమూ ఉంటుంది. ఆటిజానికి ఇది వద్దని జాతీయ వైద్య కమిషన్ నైతిక విలువల బోర్డు 2022లోనే చెప్పింది. భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) 2017 మార్గదర్శకాలు దీన్ని అనుమతి పొందిన ట్రయల్‌కే, అంటే పరిశోధన కోసం చేసే పరీక్షకే, పరిమితం చేశాయి. ట్రయల్ అంటూ లక్షలు అడిగితే సీటీఆర్ఐ (దేశంలోని ట్రయల్స్ నమోదయ్యే ప్రభుత్వ రిజిస్ట్రీ) నంబరు చూపమనండి. నిజమైన ట్రయల్‌లో చికిత్సకు పైసలు తీసుకోరు.

మరి "మా బాబు మారిండు" అనే తల్లి అబద్ధం చెప్తోందా? కాదు. 1999లో అమెరికాలో సెక్రెటిన్ అనే హార్మోన్‌ను కొందరు ఆటిజం పిల్లలకు, ఉత్త ఉప్పునీటిని మిగతా వాళ్లకు ఎక్కించి చూశారు. రెండు గుంపుల్లోనూ మార్పు దాదాపు ఒకేలా కనిపించింది. పిల్లలు ఎలాగూ ఎదుగుతుంటారు. ఆశతో చూసే కంటికి ఆ ఎదుగుదలంతా మందు గుణంగానే కనబడుతుంది.

మాట, ప్రవర్తన నేర్పే థెరపీ నిదానం, కానీ పనిచేసేది అదే. వారానికి రెండు గంటల సెంటర్ ఒక్కటే సరిపోదు, ఇంట్లో సాధన కావాలి. బిగుతు మూత ఉన్న పారదర్శక డబ్బాలో సకినాలు పెట్టి అందేచోట ఉంచండి. బిడ్డ డబ్బా తెచ్చి ఇస్తే మీరు ఎదురుగా కూర్చుని మనసులో ఐదు లెక్కపెట్టండి. చూపో, చేయి లాగడమో, శబ్దమో ఏది వచ్చినా అది అడగడమే. వెంటనే "తియ్యి" అని పలికి మూత తీసి చిన్న ముక్క ఇవ్వండి. సకినం మొత్తం ఇస్తే ఆట అక్కడే అయిపోతుంది. "చెప్పు, చెప్పు" అని వెంటపడితే డబ్బా వదిలేసి పోతాడు. పది నిమిషాల్లో తనంతట తాను ఎన్నిసార్లు అడిగాడో ప్రతి ఆదివారం క్యాలెండర్ మీద రాయండి. ఆరు వారాలకూ అంకె కదలకపోతే పద్ధతి మార్చమని థెరపిస్టును అడగండి.

మొదట జిల్లా డీఈఐసీకి (పిల్లల ఎదుగుదల లోపాలను తొందరగా గుర్తించి సాయం చేసే ప్రభుత్వ కేంద్రం) వెళ్లండి, అక్కడ ఉచితం. వినికిడి పరీక్ష మరవొద్దు. వైకల్య సర్టిఫికెట్ వచ్చాక కేంద్ర ప్రభుత్వ ఆరోగ్య బీమా నిరామయకు దరఖాస్తు పెట్టుకోండి, ఏడాదికి లక్ష రూపాయల దాకా వస్తుంది, పరిమితి మేరకు థెరపీ ఖర్చూ అందులో ఉంటుంది.